వాటర్‌ప్రూఫ్ నలుపు

మా మేకప్ క్లాసుకు వచ్చే పిల్లలు మొదటి రోజు గోడ మీది షీల్డును చూస్తారు. రెండో రోజు దాని పక్కన నిలబడి సెల్ఫీ తీసుకుంటారు. మూడో రోజు ఎవరో ఒకరు ఫోనులో ఆ షీల్డు తెచ్చిపెట్టిన సీను వెతికి పట్టుకొస్తారు. గోదావరి ఒడ్డున ఒక నల్లటి అమ్మాయి దోసిళ్ళతో నీళ్ళు తీసుకుని ముఖం కడుక్కుంటుంది. చెంప మీద నీళ్ళు జారుతుంటాయి. నలుపు మాత్రం చెక్కుచెదరదు.

"ఏ బేస్ వాడారు సార్? ఏ నంబరు?" అని అడుగుతారు.

ఇన్నేళ్ళూ నేను చిన్నగా నవ్వి, "అన్నీ మొదటి వారమే చెప్పేస్తే ఎలాగమ్మా!" అంటూ వచ్చాను. రెండో వారం కూడా ఎప్పుడూ చెప్పలేదు.

ఇప్పుడు చెప్తాను. ఆ చెంప మీద మేకప్ లేదు. నేను వెయ్యలేదు, ఇంకెవరూ వెయ్యలేదు. ఉత్తమ మేకప్ షీల్డు నాకు మేకప్ లేని ముఖానికి వచ్చింది. ఈ పని నేర్చుకుంటున్న పిల్లలు దీన్ని చదివి నవ్వుకోవచ్చు. నవ్వుకోవడానికి ఇందులో చాలా ఉంది. నవ్వడం అయ్యాక మిగిలేదాని కోసమే రాస్తున్నాను.

మాది యానాంలో కనకాలపేట. పదో తరగతి తప్పి హైదరాబాదు పోయి, ఒక పెద్దాయన దగ్గర స్పాంజీలు కడగడంతో మొదలుపెట్టి, చివరికి మధ్యాహ్నం సీరియళ్ళకు చీఫ్ మేకప్‌మ్యాన్‌నయ్యాను. మధ్యాహ్నం సీరియలంటే చిన్నచూపు వద్దు. అన్నాలయ్యాక, అంట్లు తోమబోయే ముందు దొరికే ఆ అరగంటలో ఆడవాళ్ళు ఏం చూశారో సాయంత్రానికి మగవాళ్ళక్కూడా తెలిసిపోతుంది. ఇరవై ఏళ్ళు ఇతరుల చర్మం రంగు మార్చినందుకు చివరికి నా చేతుల చర్మం ఊడటం మొదలైంది. రసాయనాలు పడటం లేదు, మానెయ్యమన్నాడు డాక్టరు. యానాం తిరిగొచ్చి, ఇప్పుడు చేతులు పెట్టకుండా నోటితో నేర్పుతున్నాను.

నాకు షీల్డు తెచ్చిన సీరియల్, రంగు తక్కువని అత్తారింట్లో మాటలు పడే కోడలి కథ. యానాం అగ్రహారంలో పెద్ద వరండా ఉన్న ఒక ఇల్లు మా డైరెక్టరుగారికి నచ్చింది. యూనిట్‌లో మిగతావాళ్ళకి యానాం ఎందుకు నచ్చిందో అక్కడ మందు ధర తెలిసినవాళ్ళకు చెప్పనక్కర్లేదు. నాకు మాత్రం సొంత ఊళ్ళో కారు దిగడం బాగుంది.

కోడలి వేషం కోసం రెండు రోజులు అమ్మాయిల్ని చూశారు. రెండో రోజు పక్కనున్న దరియాలతిప్ప నుంచి షేర్ ఆటోలో ఒకమ్మాయి వచ్చింది. డిగ్రీ చదివింది. తండ్రి చేపల వేటకెళ్తాడు. మంచి నలుపు. నూనె పెట్టిన కొత్త రాతి సన్నికల్లు ఉంటుందే, అలాంటి నలుపు.

"ఇంతకు ముందు ఏ వేషాలు వేశావమ్మా?" అన్నారు డైరెక్టరుగారు.

"నల్లరాజు వేషమండి."

"నల్లరాజేంటి?"

"క్రిస్మస్ నాటకంలోనండి. బాలయేసుని చూడ్డానికి ముగ్గురు రాజులొత్తారు గదండీ. పశువుల పాక బొమ్మల్లో ఒకాయన నల్లగా ఉంటాడు. ఏడో తరగతి నించీ ఆయన నేనేనండి. మరియమ్మ వేషానికి ఏటా నాకంటే ముందు ఎవరో ఒకరుంటారు."

అందరం నవ్వాం. ఆ అమ్మాయీ నవ్వింది. తర్వాత డైలాగు చెప్పమన్నారు. అత్తగారు కాఫీ గ్లాసు విసిరికొట్టాక కోడలు చెప్పే నాలుగు మాటలు. చెప్పింది. చెప్పడం అయ్యాక మా లైట్‌మ్యాన్ లైటు ఆర్పడం మర్చిపోయాడు. ఇరవై ఏళ్ళలో ఆయన లైటు ఆర్పడం మర్చిపోగా నేను చూడలేదు.

సాయంత్రం డైరెక్టరుగారితో అన్నాను: "ఇంకేం కావాలండీ? యాక్టింగుంది, రంగు కూడా కథకి సరిపోయింది."

"అక్కడే నువ్వు పొరబడుతున్నావయ్యా," అన్నారాయన. చెడ్డవాడేం కాదు, ఓపిగ్గా విడమరిచి చెప్పారు. "ఇది మేకప్పేనని చూసేవాళ్ళకి తెలియాలి. లోపల తెల్లటమ్మాయే ఉందని తెలిస్తేనే పాపం అంటారు. నిజంగానే నల్లగా ఉంటే పాపమెందుకంటారు? మా పక్కింటి పిల్లలాగే ఉందని ఛానెల్ మారుస్తారు."

నేను తలూపాను. అది వృత్తి రహస్యంలాగే వినిపించింది. పైగా, నిజం ఒప్పుకోవాలంటే, నాకూ సంతోషమే వేసింది. నల్లటమ్మాయిని పెడితే ఇక నాకు పనేముంటుంది?

అలా బెంగళూరు నుంచి పాలమీగడలాంటి అమ్మాయి నల్లటి కోడలిగా దిగింది. దరియాలతిప్ప అమ్మాయికి అదే ఇంట్లో పనిమనిషి వేషం ఇచ్చారు. రోజుకి రెండు మాటలు.

ఇప్పుడు కాస్త పని సంగతి చెప్పాలి. తెల్లటి చర్మం మీద నలుపు వేస్తే నలుపు రాదు. నా మొదటి ప్రయత్నంలో హీరోయిన్ ముఖం కాల్చిన వంకాయకి బూడిద అంటినట్టు వచ్చింది. రెండోసారి తుప్పు పట్టిన గేటులా వచ్చింది. మూడోసారి డైరెక్టరుగారు తల పట్టుకుని కూర్చున్నప్పుడు పనిమనిషి వేషంలో ఆ అమ్మాయి ట్రే పట్టుకుని పక్కనుంచి వెళ్ళింది.

"అదుగో! ఆ రంగు కావాలి నాకు!"

ఆ రోజు నుంచి ఒక పద్ధతి ఏర్పడింది. పొద్దున్నే హీరోయిన్ కుర్చీలో కూర్చునేది. దరియాలతిప్ప అమ్మాయి పక్కన నిలబడి ఎడమచెయ్యి చాపి, మోచేతి కింది భాగం హీరోయిన్ చెంప పక్కన పెట్టేది. నేను చేతిని చూస్తూ చెంపకి రంగు కలిపేవాణ్ణి. అరగంట పట్టేది. యూనిట్‌లో ఆ అమ్మాయికి 'శాంపిల్' అని పేరు పడింది. "శాంపిల్‌ని పిలవండ్రా" అంటే ఎవరికీ తప్పుగా అనిపించేది కాదు. నాకు అసలే అనిపించలేదు. ఒకటి రెండుసార్లు నేనూ పిలిచాను.

ఆ అమ్మాయి మాత్రం ఊరికే ఉండేది కాదు.

"అన్నయ్యగారూ, నిన్న బట్టలారేత్తా ఎండలో ఉన్నానండి. ఒక నంబరు ముదిరాను. హీరోయిన్‌గార్ని కూడా ఒక నంబరు ముదర్చండి, లేపోతే కంటిన్యూటీ పోద్ది."

నాలుగో రోజు ఇంకో చిక్కు వచ్చింది. మానిటర్లో చూసి డైరెక్టరుగారు కేకేశారు: "ఇదేంటయ్యా, ఇద్దరూ ఒకే రంగులో ఉన్నారు! ఈ ఇంట్లో కోడలొక్కతే నలుపు. పనిమనిషి కూడా నలుపైతే అత్తగారు దేనికి బాధపడుతున్నట్టు? ఆ పిల్లకి రెండు షేడ్లు తెలుపు పెంచు."

పెంచాను. ఒకే అద్దం ముందు రెండు కుర్చీలు వేసి, తెల్లటామెకి నలుపు, నల్లటామెకి తెలుపు వేశాను. అది ఏమంత తెలుపు, పాతబడిన సున్నం. పని అయ్యాక దరియాలతిప్ప అమ్మాయి అద్దంలో తనని చూసుకుంది, పక్కనామెని చూసింది.

"నా రంగు ఆవిడకిచ్చేశారు. ఆవిడ రంగు నాకిచ్చేశారు. సాయంత్రం మా ఇంటికి ఎవర్ని పంపుతారండి?"

హీరోయిన్‌కి తెలుగు సరిగ్గా రాదు. అడిగితే ఎవరో అర్థం చెప్పారు. ఆమె నవ్వలేదు. కడిగాక కూడా చర్మానికి పట్టి మిగిలిన రంగు తియ్యడానికి రోజూ సాయంత్రం గంటసేపు కొబ్బరినూనెతో రుద్దుకునేది. మెడ కింద దద్దుర్లు లేచాయి. "ఈ రోల్ ఆ అమ్మాయికే ఇచ్చి ఉంటే నా స్కిన్ మిగిలేది అన్నా," అంది నాతో, వచ్చీరాని తెలుగులో. మొత్తం యూనిట్‌లో షూటింగు మొదలయ్యాక ఆ మాటన్నది ఆమె ఒక్కతే.

రెండు నెలలు గడిచాయి. హైదరాబాదులో కూర్చున్న రచయిత ఫోనులో ఒక సీను పంపాడు. కోడలు ఇల్లు వదిలి గోదావరి ఒడ్డుకొస్తుంది. దోసిళ్ళతో నీళ్ళు తీసుకుని ముఖం కడుక్కుంటూ, 'ఇది మురికి కాదు, కడిగితే పోదు' అంటుంది. బాగుందని అందరం మెచ్చుకున్నాం. డైరెక్టరుగారు మెచ్చుకున్నారు, కెమెరామ్యాన్ మెచ్చుకున్నాడు, నేనూ మెచ్చుకున్నాను. రోజూ పొద్దున్నే ఆ నలుపు వేసేవాణ్ణి నేనే, సాయంత్రం కడిగించేవాణ్ణి నేనే. అయినా తట్టలేదు. హీరోయిన్ నల్లది కాదన్న సంగతి మేమంతా మర్చిపోయాం.

వరదల ఎర్రనీరు పోయి నది తేటపడిన రోజులు. పొద్దున పదింటికి ఒడ్డున కెమెరా పెట్టాం. చూడ్డానికి జనం చేరారు. హీరోయిన్ మోకాళ్ళ మీద కూర్చుని దోసిలి ముంచి ముఖం మీద కొట్టుకుని, "ఇది మురికి కాదు" అంది. అనడం పూర్తయ్యేలోపు గడ్డం మీంచి కాఫీ కారినట్టు కారి పచ్చ చీర మీద పడింది.

జనంలోంచి ఒక ముసలావిడ అరిచింది: "ఓలమ్మో! కోడలు కరిగిపోతందే!"

ఒడ్డంతా నవ్వులు. నేను నా దగ్గరున్న స్ప్రేలన్నీ కొట్టి మళ్ళీ వేశాను. రెండోసారి చారలు చారలుగా పులివేషంలా వచ్చింది. మూడోసారికి ముఖం వాచింది. హీరోయిన్ ఏడుస్తూ కారెక్కి హోటలు గదికి వెళ్ళిపోయింది. ఎపిసోడు సాయంత్రానికల్లా పంపాలి.

డైరెక్టరుగారు అటూ ఇటూ చూశారు. "శాంపిల్ ఎక్కడ?"

పనిమనిషి వేషంలో, నా సున్నపు రంగుతో, ఆ అమ్మాయి జనం పక్కన నిలబడి ఉంది.

"ఆ తెలుపు కడిగించు. కోడలి పచ్చ చీర ఇంకోటి తెచ్చి కట్టించు."

ఆ అమ్మాయి నీళ్ళలోకి దిగి ముఖం కడుక్కుంది. నా పనితనం గోదావరిలో పోయింది. తువ్వాలు ఇవ్వబోతే అక్కర్లేదంది.

"ముఖం చూపిత్తారాండి?" అని డైరెక్టరుగార్ని అడిగింది.

"చెంప, కళ్ళు, చేతులు. దగ్గర్నుంచి తీస్తాం. దూరం షాట్లు హీరోయిన్‌వి కలుపుతాం."

"మరి నేనేనని ఎవరికి తెలుత్తాదండి?"

"ఛానెల్ వాళ్ళు అడిగితే చెప్తాంగా. కొత్త సీరియల్‌కి కొత్త ముఖం వెతుకుతున్నారు వాళ్ళు. ఇది చూస్తే నిన్ను వదలరు."

ఆ అమ్మాయి నా వైపు తిరిగింది. "మీరు చెప్తారా అన్నయ్యగారూ? మనూరోళ్ళు మీరు."

"నేనున్నాగా అమ్మాయ్. నేను చెప్తాను," అన్నాను. చెప్పాలనే అన్నాను.

ఆ రోజు ఇక నాకు పని లేదు. ఊరికే నిలబడితే బాగుండదని షాటుకీ షాటుకీ మధ్య గొడుగు పట్టాను.

"నాకెందుకండి గొడుగు! ఇంకో నంబరు ముదురుతానని బయ్యమా?" అంటూ నవ్వింది.

గొడుగుతో పక్కకి జరిగాను. కెమెరా తిరిగింది. దోసిలి ముంచింది. చెంప రుద్దుకుంది. ముందు మెల్లగా, తర్వాత చర్మం ఊడొచ్చేంత గట్టిగా. 'ఇది మురికి కాదు, కడిగితే పోదు' అంది. అక్కడితో సీను అయిపోవాలి. ఆ అమ్మాయి ఆగలేదు. మళ్ళీ దోసిలి ముంచి, ముఖం కడుక్కుని, ఆ నీళ్ళని మళ్ళీ దోసిట్లోనే పట్టి కెమెరా ముందు పెట్టింది. "చూడండి. నీళ్ళు తేటగానే ఉన్నాయి," అంది.

రచయిత రాయని మాట అది. కరిగిపోతందే అని అరిచిన ముసలావిడ కొంగుతో కళ్ళు ఒత్తుకుంటోంది.

ఎపిసోడు వచ్చాక ఫోన్ల మీద ఫోన్లు. హీరోయిన్ నటన అద్భుతమన్నారు. గొంతు ఎలాగూ డబ్బింగువాళ్ళదే. మేకప్ అద్భుతమని ఒక సినిమా పత్రిక నా ఫొటో వేసి రాసింది. నీళ్ళు పడినా చెదరని నలుపు ఎలా వేశారని రెండు పెద్ద కంపెనీల వాళ్ళు నాకు ఫోను చేశారు. అబద్ధం చెప్పలేదు నేను. "మన పద్ధతి ఒకటుందండి" అన్నాను, అంతే. అంత మాత్రానికే ఆ వారం మా వీధిలో నా నడక మారిందని మా ఆవిడ అంది.

రెండు వారాల తర్వాత ఛానెల్ నుంచి ఒక మేడమ్ యానాం వచ్చారు. పొద్దున్నే, మేకప్ గదిలోకే వచ్చారు. హీరోయిన్ కళ్ళు మూసుకుని కుర్చీలో ఉంది. దరియాలతిప్ప అమ్మాయి చెయ్యి చాపి నిలబడి ఉంది. నా చేతిలో స్పాంజి. డైరెక్టరుగారు గుమ్మంలో.

మేడమ్ ఫోనులో ఆ షాటు ఆపి నా ముందు పెట్టారు. "ఇది మేకప్పేనా, నిజంగా ఎవరైనా అమ్మాయా? నిజం చెప్పండి. కొత్త సీరియల్‌లో ఈ రంగు అమ్మాయినే హీరోయిన్‌గా పెడదామని పైవాళ్ళతో పోట్లాడి ఒప్పించాను. ఈ షాట్ చూపించే ఒప్పించాను."

ఏ ఛానెల్లోనూ అలాంటి అమ్మాయి అలాంటి వేషం వెయ్యగా అప్పటిదాకా నేను చూడలేదు. ఆమె వెతుకుతున్న అమ్మాయి మూరెడు దూరంలో ఉంది. ముఖం మీద నా సున్నం ఉంది కాబట్టి ఆమె గుర్తుపట్టలేదు. అన్నిటికంటే ఇదే నన్ను ఎక్కువ బాధిస్తుంది. ఆ ఒక్క రోజు నేను నా పని బాగా చేశాను.

డైరెక్టరుగారు నా వైపు చూశారు. ఆయన చూపుని సాకుగా చెప్పుకుంటూ చాలా ఏళ్ళు బతికాను. కానీ అప్పుడు నా తలలో ఉన్నది ఆయన కాదు. పత్రికలో నా ఫొటో ఉంది. ఆ రెండు ఫోన్లున్నాయి.

"మేకప్పేనండి," అన్నాను. "వాటర్‌ప్రూఫ్."

"అయ్యో," అన్నారు మేడమ్. నిజంగానే బాధపడ్డారు. తర్వాత మర్యాదకి, "గొప్ప పనితనమండీ మీది," అన్నారు.

హీరోయిన్‌కి తెలుగు సరిగ్గా రాకపోయినా ఆ మాట అర్థమైనట్టుంది, మూసిన కళ్ళు ఇంకా గట్టిగా మూసుకుంది. చెంప పక్కనున్న చెయ్యి మెల్లగా కిందికి దిగింది.

మధ్యాహ్నం భోజనాల దగ్గర ఆ అమ్మాయి నా పక్కకొచ్చి నిలబడింది.

"మీరు చెప్తానన్నారని నేనూరుకున్నానండి. లేపోతే నాకు నోరు లేదా?"

"ఇప్పుడు టైమ్ కాదమ్మా. టైమ్ రానీ, నేనే..."

"ఆయ్, రానీండి," అంది.

మర్నాడు కుర్చీ పక్కకి రాలేదు. నేనే వెళ్ళి పిలిచాను. "అంత వాటర్‌ప్రూఫ్ తెలిసినోరికి శాంపిలెందుకండి?" అంది. వారం తర్వాత పనిమనిషి వేషం కూడా మానేసింది.

ఆ తర్వాత నాకు రంగు కుదరలేదు. హీరోయిన్ ఒకరోజు వంకాయ, ఒకరోజు గేటు. కోడలి నలుపు తగ్గుతోందేంటని చూసేవాళ్ళు ఉత్తరాలు రాశారు. దానికి రచయిత ఒక ఉపాయం ఆలోచించాడు. విదేశాల నుంచి ఒక డాక్టర్ని దింపి కోడలికి వైద్యం చేయించాడు. కోడలు తెల్లబడింది, అత్తగారు కౌగిలించుకుంది. సీరియల్ సుఖాంతమైంది. ఆ ఏడే నాకు షీల్డు. కొత్త సీరియల్‌కి ఛానెల్ వాళ్ళు మళ్ళీ ఒక తెల్లటమ్మాయినే తీసుకుని, నలుపు వెయ్యడానికి నన్ను పిలిచారు. నాకంటే తెలిసినవాడు ఎవడున్నాడు?

పోయిన నెల దరియాలతిప్ప వెళ్ళాను. ఆవిడ ఇప్పుడు బళ్ళో టీచరు. ఇద్దరు పిల్లలు. క్రిస్మస్ నాటకం తనే వేయిస్తుంది. వరండాలో కుర్చీ వేసి కూర్చోబెట్టింది. షీల్డు సంచిలో పెట్టి తీసుకెళ్ళాను. తీసి బల్ల మీద పెట్టాను.

చేతిలోకి తీసుకుని, వెనక్కి తిప్పి చూసి, "తగరమేనండి. మిలమిల్లాడతంటే వెండనుకున్నాను," అంది.

"ఇది నీది. జరిగిందంతా రాస్తాను. నీ పేరుతో సహా రాస్తాను."

"రాయండి. పేరు మాత్రం ఒద్దండి."

"పేరు లేకపోతే ఇంకేం రాసినట్టు?"

"ఆ సీను నాదని మా ఇంట్లో అందరికీ తెలుసండి. మా వీధికి తెలుసు. ఆవేళ ఒడ్డున నిలబడ్డోళ్ళందరికీ తెలుసు. మా పిల్లలు నీళ్ళోసుకునేటప్పుడు ఆ డైలాగు చెప్పుకుంటారు." షీల్డు నా సంచిలో పెట్టి, సంచి నా ఒళ్ళో పెట్టింది. "తెలీంది మీ ఇంట్లోనేనండి. చెప్పుకునేదేదో అక్కడ చెప్పుకోండి."

లేచేముందు, మేడమ్‌కి నిజం చెప్పి ఉంటే ఏమయ్యేదో అనబోయాను. ఆవిడ చెయ్యి అడ్డం పెట్టింది. అదే ఎడమచెయ్యి. "అది మీరు ఊహించుకోకండి. ఊహించుకోడానికి నేనున్నాను," అంది. నవ్వలేదు ఈసారి.

ఇంట్లో చెప్పాను. మర్నాడు క్లాసులో చెప్పాను. ఫోనులో ఆ సీను వేసి, షీల్డు సంచిలోంచి తీసి బల్ల మీద పెట్టి, మొదటినుంచీ చెప్పాను. వెనక వరసలో ఒకమ్మాయి ఉంటుంది. మంచి నలుపు. ప్రాక్టీసుకి ముఖం కావాల్సి వచ్చినప్పుడు మిగతావాళ్ళు ఆ అమ్మాయిని దాటేసి పక్కదాన్ని కూర్చోబెడతారు. నేను చూస్తూనే ఉన్నాను, ఏమీ అనలేదు. ఆ అమ్మాయి లేచింది.

"అయితే సార్, ఆ రోజు షూటింగులో మీరు చేసిన పనేంటండీ?"

"గొడుగు పట్టానమ్మా," అన్నాను.

క్లాసంతా నవ్వింది. ఆ అమ్మాయి నవ్వలేదు. ఫోను తీసుకుని సీను ఆపి, వేళ్ళతో పెద్దది చేసి నాకు చూపించింది. అన్నేళ్ళు చూసినా నేను చూడనిది అందులో ఉంది. ఫ్రేము ఒక మూల, తడిసిన ఇసుక మీద నా గొడుగు నీడ పడి ఉంది. ఆవిడ కూర్చున్నది ఎండలోనే.

నేను నా కుర్చీ లాగి అద్దం ముందు వేశాను. "రామ్మా, ఇవాళ నువ్వు కూర్చో," అన్నాను.

"ఏ రంగు వేయిస్తారండీ?" అని అడిగింది, కూర్చోకుండానే.